కొత్త సిరీస్ ఏ యాప్‌లో వచ్చింది? ఎంతవరకు చూశాం?

ఓటీటీలో కొత్తగా వచ్చినదాన్ని కనిపెట్టడం ఒక పని. కనిపెట్టినదాన్ని మరిచిపోకుండా, ఏ సీజన్‌లో ఎన్నో ఎపిసోడ్ దాకా చూశామో లెక్క పెట్టుకోవడం మరో పని. టీవీ కాలంలో ప్రేక్షకుడికి ఈ రెండు పనులూ ఉండేవి కావు. 2001లో జెమినీ టీవీలో మొదలైన ‘అమృతం’ చూడాలంటే ఏ రోజు, ఏ వేళకు వస్తుందో తెలిస్తే చాలు, మిగతాదంతా ఛానలే చూసుకునేది. దానికి కొనసాగింపుగా 2020లో వచ్చిన ‘అమృతం ద్వితీయం’ ఛానల్లో రాలేదు, జీ5 యాప్‌లో విడుదలైంది. పాత ‘అమృతం’ అంటే ప్రాణం పెట్టే ఇంట్లో జీ5 లేకపోతే, కొత్తది వచ్చిందన్న సంగతే ఆ ఇంటికి తెలియకుండా పోయే అవకాశం ఉంది.

ఈ చిక్కు అన్ని ఊళ్లలోనూ ఉన్నదే. హైదరాబాద్‌లోని హైటెక్ సిటీలో, దాని చుట్టూ పెరిగిన సైబరాబాద్‌లో మాత్రం ఇంకా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. 1998 నవంబరు 22న అప్పటి ప్రధాని వాజపేయి సైబర్ టవర్స్‌ను ప్రారంభించారు. అక్కణ్నుంచి గచ్చిబౌలి, నానక్‌రామ్‌గూడ, ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్, కోకాపేట దాకా ఆఫీసులు విస్తరించాయి. కొండాపూర్‌లో ఒక అద్దె ఫ్లాట్ తీసుకుంటే అందులో ఉండే ముగ్గురిలో ఒకరిది శ్రీకాకుళం, ఒకరిది నిజామాబాద్, మరొకరిది నాగ్‌పూర్ కావచ్చు. ఒకరికి తెలుగు కావాలి, ఒకరికి హిందీ, ఇంకొకరికి కొరియన్ సిరీస్‌లు. ముగ్గురిలో ఒకరు అమెరికా వేళల్లో పనిచేసి తెల్లవారుజామున క్యాబ్ దిగేవారు. నెట్ వేగానికి లోటు లేదు. సెకనుకు ఒక గిగాబిట్ వేగంతో ఇళ్లకిచ్చే కనెక్షన్‌ను యాక్ట్ ఫైబర్‌నెట్ 2017 మార్చిలో హైదరాబాద్‌లోనే మొదలుపెట్టింది. 2019లో మెట్రో మార్చి నెలలో హైటెక్ సిటీకి, నవంబరులో రాయదుర్గానికి చేరాక, ఆఫీసుకు వెళ్తూ ఫోన్‌లో ఒక ఎపిసోడ్ ముగించడం చాలామందికి అలవాటైంది. ఇక్కడి ప్రేక్షకులకు కరువైనది తీరిక ఒక్కటే. దొరికిన గంటలో అరగంట ‘ఏం చూద్దాం’ అన్న వెతుకులాటకే పోతోంది.

యాప్‌లు వచ్చిన వరస చూస్తే ఈ వెతుకులాట ఎలా పెరిగిందో తెలుస్తుంది. హాట్‌స్టార్ 2015 ఫిబ్రవరిలో వచ్చింది. నెట్‌ఫ్లిక్స్ 2016 జనవరిలో, ప్రైమ్ వీడియో అదే ఏడాది డిసెంబరులో మన దేశంలో అడుగుపెట్టాయి. మధ్యలో సెప్టెంబరులో జియో వచ్చి మొబైల్ డేటాను చవక చేసింది. 2017లో సన్ నెక్స్ట్, 2018 ఫిబ్రవరిలో జీ5 చేరాయి. తెలుగు కోసమే పుట్టిన ఆహా 2020 మార్చి 25న, ఉగాది రోజున, అధికారికంగా మొదలైంది. దేశమంతా లాక్‌డౌన్ మొదలైన రోజు కూడా అదే. అల్లు అరవింద్ గీతా ఆర్ట్స్, మై హోమ్ గ్రూప్ కలిసి దాన్ని పెట్టాయి. రాయదుర్గం దగ్గర ఆకాశాన్నంటే మై హోమ్ భూజా టవర్లు కట్టింది ఈ మై హోమ్ సంస్థే. రామోజీ గ్రూప్ వారి ఈటీవీ విన్ ఆ తర్వాత బలపడింది. 2024 జనవరి 5న అందులో వచ్చిన ‘నైంటీస్: ఎ మిడిల్ క్లాస్ బయోపిక్’ ఆ యాప్ పేరు కూడా వినని ఇళ్లలోకి దాన్ని తీసుకెళ్లింది.

మంచి తెలుగు సిరీస్‌లన్నీ ఒక్కచోట లేవు. ‘కుడి ఎడమైతే’ ఆహాలో, ‘రెక్కీ’ జీ5లో, ‘సేవ్ ది టైగర్స్’ హాట్‌స్టార్‌లో, ‘దూత’, ‘సివరపల్లి’ ప్రైమ్‌లో, ‘పిట్ట కథలు’ నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చాయి. ఏ ఒక్క యాప్ కొనుక్కున్నా వీటిలో ఒకటో రెండో మాత్రమే కనిపిస్తాయి, మిగతావి ఉన్నట్టు కూడా ఆ తెర చెప్పదు. ఏ యాప్ అయినా తన సరుకునే చూపిస్తుంది. వెతుకులాటలో మొదట గ్రహించాల్సిన సంగతి ఇదే.

ఒకే సినిమా, రెండు గుమ్మాలు

సినిమాల దగ్గరికి వస్తే ముడి ఇంకా బిగుస్తుంది. డిజిటల్ హక్కులు ఒక్కొక్క భాషకూ విడివిడిగా అమ్ముడవుతాయి. ‘ఆర్ఆర్ఆర్’ 2022 మార్చి 25న థియేటర్లలో విడుదలై, మే 20న ఓటీటీకి వచ్చింది. తెలుగుతో సహా దక్షిణాది భాషలు జీ5లో, హిందీ నెట్‌ఫ్లిక్స్‌లో. అమెరికాలో ఆ సినిమాను నెట్‌ఫ్లిక్స్‌లో చూసి మెచ్చుకున్నవాళ్లలో చాలామంది విన్నది హిందీ మాటలే. ‘కల్కి 2898 ఏడీ’ కూడా అంతే. 2024 ఆగస్టు 22న తెలుగు ప్రైమ్‌లోకి, హిందీ నెట్‌ఫ్లిక్స్‌లోకి వచ్చాయి. ‘హనుమాన్’ తెలుగు జీ5కి, హిందీ జియోసినిమాకు వెళ్లాయి. నెట్‌ఫ్లిక్స్‌లో ‘కల్కి’ పెట్టి తెలుగు ఆడియో కోసం సెట్టింగ్స్ అన్నీ తిరగేసినవాళ్లు తమ టీవీలో ఏదో లోపం ఉందనుకుంటారు. లోపమేమీ లేదు. ఆ సంస్థ తెలుగు హక్కులు కొనలేదు.

థియేటర్ నుంచి ఓటీటీకి మధ్య గడువు కూడా ఒక్కో సినిమాకు ఒక్కో తీరు. ‘పుష్ప: ది రైజ్’ 2021 డిసెంబరు 17న విడుదలై, మూడు వారాలకే, జనవరి 7న ప్రైమ్‌లో కనిపించింది. 2022 ఆగస్టులో తెలుగు నిర్మాతలు షూటింగులు ఆపి మరీ చర్చించిన విషయాల్లో ఈ గడువు ఒకటి. ‘పుష్ప 2’ వచ్చేసరికి లెక్క మారింది. థియేటర్లో 2024 డిసెంబరు 5, నెట్‌ఫ్లిక్స్‌లో 2025 జనవరి 30, అంటే సరిగ్గా 56 రోజులు. హిందీ ప్రాంతాల పెద్ద మల్టీప్లెక్స్ సంస్థలు ఎనిమిది వారాలు ఆగితేనే తెరలు ఇస్తాయి కాబట్టి, హిందీలో భారీగా విడుదలయ్యే తెలుగు సినిమాకు ఈ గడువు తప్పడం లేదు. తెలుగుకే పరిమితమైన సినిమా నాలుగు వారాలకే వచ్చేయవచ్చు. ‘సంక్రాంతికి వస్తున్నాం’ ఇంకో దారి పట్టింది. 2025 మార్చి 1న జీ తెలుగు ఛానల్లోనూ జీ5లోనూ ఒకేసారి వచ్చింది.

ఏ సినిమా ఏ యాప్‌లోకి వెళ్తుందో తెలుసుకోవడానికి ఊహాగానాలు చదవనక్కర్లేదు. థియేటర్లో సినిమా మొదలయ్యే ముందు పడే టైటిల్ కార్డుల్లో శాటిలైట్ హక్కుల ఛానల్ పేరు పక్కనే డిజిటల్ పార్ట్‌నర్ పేరు కూడా పడుతుంది. చాలామంది ఆ సమయంలో సీటు వెతుక్కుంటూ ఉంటారు. ఆ ఒక్క కార్డు చూసుకుంటే నెలన్నర తర్వాత వెతుకులాట తప్పుతుంది.

ఏ రోజు, ఏ గంటకు

మన దేశంలో తీసిన సినిమాలు, సిరీస్‌లు సాధారణంగా గురువారం అర్ధరాత్రి దాటి శుక్రవారం తేదీ మారగానే తెరుచుకుంటాయి. నెట్‌ఫ్లిక్స్ విదేశీ సిరీస్‌ల వేళ వేరు. అవి కాలిఫోర్నియా అర్ధరాత్రికి విడుదలవుతాయి. మన గడియారంలో అది వేసవిలో మధ్యాహ్నం 12:30, అమెరికాలో గడియారాలు వెనక్కి తిప్పే శీతాకాలంలో 1:30. అంటే మాదాపూర్ ఆఫీసుల్లో సరిగ్గా లంచ్ వేళ. ‘స్క్విడ్ గేమ్’ లాంటిది వచ్చిన రోజు క్యాంటీన్‌లో మొదటి ఎపిసోడ్ మొదలుపెట్టి, రాత్రి ఇంటికెళ్లి ముగించేవాళ్లకు ఈ గంట తేడా బాగా తెలుసు. తెలియనివాళ్లు అర్ధరాత్రి మేలుకుని ‘ఇంకా రాలేదేమిటి’ అని యాప్‌ను మళ్లీ మళ్లీ తెరుస్తుంటారు. ‘స్ట్రేంజర్ థింగ్స్’ చివరి సీజన్ ఈ పద్ధతిని కూడా మార్చింది. మూడు భాగాలుగా వచ్చిన ఆ సీజన్ మొదటి భాగం 2025 నవంబరు 27 ఉదయం 6:30కి మన దగ్గర తెరుచుకుంది. నైట్ షిఫ్ట్ దిగి ఇంటికొచ్చేవాళ్లకు అది సరైన వేళే.

అన్ని ఎపిసోడ్లూ ఒకేసారి వదిలే సిరీస్‌లు ఉన్నాయి, వారానికి ఒకటి చొప్పున వదిలేవి ఉన్నాయి, రెండు మూడు భాగాలుగా చీల్చి వదిలేవీ ఉన్నాయి. ఒకేసారి వచ్చినదాన్ని గుర్తుపెట్టుకోవడం తేలిక. వారానికొకటి వచ్చేదే జారిపోతుంది. మూడో వారం ఆఫీసులో సాఫ్ట్‌వేర్ రిలీజ్ పని పడిందంటే, అది పూర్తయ్యేసరికి సిరీస్ అయిదో ఎపిసోడ్‌లో ఉంటుంది.

తెర మీద పేర్చేది ఎవరు?

యాప్ తెరవగానే కనిపించే వరసలు కొత్తగా వచ్చినవాటి జాబితా అని చాలామంది నమ్ముతారు. అది నిజం కాదు. ఆ ప్రొఫైల్‌లో ఇంతకుముందు ఏం చూశారు, ఎక్కడ ఆపేశారు, అదే రకంగా చూసేవాళ్లు ఇంకేం చూశారు అన్న లెక్కలతో ఆ తెర తయారవుతుంది. నెట్‌ఫ్లిక్స్ అధికారులు కార్లోస్ గోమెజ్ ఉరీబే, నీల్ హంట్ 2015లో ప్రచురించిన వ్యాసంలో ఈ సంగతి వివరంగా రాశారు. ప్రేక్షకుడు పది ఇరవై పేర్లు చూసి, 60 నుంచి 90 సెకన్లలో ఏదీ నచ్చకపోతే ఆసక్తి పోగొట్టుకుంటాడని, తమ దగ్గర చూసే గంటల్లో దాదాపు 80 శాతం సిఫార్సుల వల్లే జరుగుతోందని అందులో చెప్పారు. అంటే ఆ తెరకు ఉన్న గడువు ఒకటిన్నర నిమిషం. ఆ లోపు ఏదో ఒకటి మొదలుపెట్టించాలి. అది కొత్తదా పాతదా అన్నది దానికి ముఖ్యం కాదు. ఒకే సిరీస్‌కు ఒక్కొక్కరికి ఒక్కో బొమ్మ చూపడం కూడా అందుకే.

ఇలా సిఫార్సు చేసే లెక్కలకు పుట్టుకతోనే ఒక బలహీనత ఉంది. వేలమంది చూసినదాన్ని ఎవరికి చూపాలో వాటికి బాగా తెలుసు. నిన్ననే విడుదలైన, ఇంకా ఎవరూ చూడని సిరీస్ గురించి చెప్పడానికి వాటి దగ్గర సమాచారమే ఉండదు. భారీ ప్రచారం ఉన్నదాన్ని సంస్థే పైన పెడుతుంది. పెద్ద తారలు లేని చిన్న తెలుగు సిరీస్ అడుగు వరసల్లో ఉండిపోతుంది. కొత్తదాన్ని కనిపెట్టడానికి హోమ్ స్క్రీన్ మీద ఆధారపడటం అందుకే సరైన దారి కాదు.   

ఇంట్లో ఒకే ప్రొఫైల్‌ను అందరూ వాడితే ఈ లెక్కలు పూర్తిగా తప్పుతాయి. కొడుకు గచ్చిబౌలి ఫ్లాట్‌కు అమ్మానాన్న నెలరోజులు ఉండటానికి వచ్చారనుకోండి. అమ్మ మధ్యాహ్నం సీరియల్ ఎపిసోడ్లు, నాన్న పాత కృష్ణ సినిమాలు, మనవడు కార్టూన్లు అదే ప్రొఫైల్‌లో చూస్తారు. వాళ్లు ఊరికి వెళ్లిన తర్వాత ఎన్నాళ్లయినా అతని తెర నిండా అవే. అతను సగంలో ఆపిన సిరీస్ ‘కంటిన్యూ వాచింగ్’ వరసలో ఎక్కడో కింద పడి ఉంటుంది. అమ్మకొక ప్రొఫైల్, పిల్లలకొక ప్రొఫైల్ పెట్టడానికి రెండు నిమిషాలు చాలు. పీజీ హాస్టల్ హాల్లోని టీవీకి ఇది కుదరదు కాబట్టి, అక్కడ ఎవరి ఫోన్ నుంచి వాళ్లు కాస్ట్ చేసుకోవడం మేలు.

‘టాప్ 10’ వరసను కూడా ఉన్నంతలోనే నమ్మాలి. నెట్‌ఫ్లిక్స్ తన వారపు జాబితాలో మొత్తం చూసిన గంటలను నిడివితో భాగించి వీక్షణల సంఖ్య చెబుతుంది. దేన్ని మొత్తంగా ఎంతసేపు చూశారో అది చెబుతుంది, ఎంతమంది చివరిదాకా చూశారో చెప్పదు.

వెతికే చోట్లు

తెలుగు దినపత్రికలు వారం మొదట్లోనే ‘ఈ వారం థియేటర్, ఓటీటీ’ జాబితా ఇస్తున్నాయి. ఒక్కో యాప్ కింద సినిమా పేరు, భాష, తేదీ వేస్తారు. తెలుగు ప్రేక్షకుడికి అన్నింటికంటే ఉపయోగపడేది ఇదే, ఎందుకంటే తెలుగు డబ్బింగ్ ఉన్న తమిళ, మలయాళ సినిమాలు కూడా అందులో ఉంటాయి. దీనికీ ఒక లోటు ఉంది. ముందు చెప్పకుండా శుక్రవారం ఉదయానికి ‘సడెన్‌గా ఓటీటీలోకి వచ్చేసిన’ సినిమాలు సోమవారం జాబితాలో ఉండవు. అందుకని వారం మొదట ఒకసారి, శుక్రవారం ఒకసారి చూసుకోవాలి.

అన్ని యాప్‌లనూ ఒకేచోట వెతికే సాధనాల్లో బెర్లిన్ నుంచి నడిచే జస్ట్‌వాచ్ బాగా తెలిసినది. దేశం ఇండియా అని పెట్టి, తమ దగ్గర ఉన్న సర్వీసులను ఎంచుకుంటే, ఏ రోజు ఏది కొత్తగా చేరిందో తేదీల వారీగా చూపిస్తుంది. పేరు కొడితే ఏ యాప్‌లో ఉందో చెబుతుంది. 1998 నుంచి అమెజాన్ చేతిలో ఉన్న ఐఎండీబీలో వాచ్‌లిస్ట్ పెట్టుకోవచ్చు. ఎపిసోడ్ లెక్క కూడా కావాలంటే ట్రాక్ట్ ఉంది. చూసిన ఎపిసోడ్ మీద టిక్ పెడితే, తర్వాతిది ఎప్పుడు వస్తుందో క్యాలెండర్‌లో చూపిస్తుంది. సినిమాలకు మాత్రమే అయితే లెటర్‌బాక్స్‌డ్. ఇవన్నీ ఇంగ్లీషు సిరీస్‌లకు బాగా పనిచేస్తాయి. తెలుగు సిరీస్‌ల దగ్గర మాత్రం వీటి సమాచారాన్ని యాప్‌లో ఒకసారి సరిచూసుకోవాలి.

తెలుగు పేర్లు వెతకడంలో పెద్ద అడ్డంకి స్పెల్లింగ్. ‘దూత’నే తీసుకుందాం. ప్రైమ్ దాన్ని ఇంగ్లీషులో డి, హెచ్, ఓ, ఓ, టి, హెచ్, ఎ అని రాసింది. ‘ద’, ‘త’ అనే శబ్దాలకు తెలుగువాళ్లు ‘డి’, ‘టి’ల పక్కన ‘హెచ్’ పెడతారు. ఉత్తరాదివాళ్లు పెట్టరు. నాగ్‌పూర్ నుంచి వచ్చిన రూమ్‌మేట్ అదే పేరును డి, ఓ, ఓ, టి, ఎ అని కొడతాడు, వెంటనే దొరక్కపోతే ఆ సిరీస్ లేదనుకుంటాడు. దీనికి తేలికైన దారి నటుడి పేరుతో వెతకడం. నాగచైతన్య అని కొడితే సిరీస్ దానంతటదే వస్తుంది. రిమోట్ మీద మైక్ గుర్తు ఉంటే పేరు నోటితో చెప్పినా సరిపోతుంది.

ఇన్ని సాధనాలున్నా, ఆఫీసులో పక్క సీటువాళ్లు చెప్పే మాటకే ఇప్పటికీ విలువ ఎక్కువ. ‘నైంటీస్’ సిరీస్ ఇళ్లలోకి వెళ్లింది అలాంటి మాటల మీదే. ఆ మాట విన్నప్పుడు ఎక్కడో రాసుకోకపోతే శనివారం రాత్రికి పేరు గుర్తురాదు.

సొంత జాబితా

ప్రతి యాప్‌లోనూ ‘మై లిస్ట్’, ‘వాచ్‌లిస్ట్’ అని ఒకటి ఉంటుంది. ఇంకా విడుదల కానిదానికి గంట గుర్తు నొక్కి ‘రిమైండ్ మీ’ పెట్టుకుంటే వచ్చిన రోజు కబురు వస్తుంది. ఇవి వాడుకోవాల్సినవే. కానీ ఒక యాప్ జాబితా ఆ యాప్ ఉన్నంతవరకే, అందులో ఆ సిరీస్ ఉన్నంతవరకే. హెచ్‌బీఓ సిరీస్‌ల సంగతి చూడండి. 2023 మార్చి 31న అవి డిస్నీ ప్లస్ హాట్‌స్టార్ నుంచి వెళ్లిపోయాయి. మే నెలలో జియోసినిమాలో తేలాయి. 2025 ఫిబ్రవరి 14న జియోసినిమా, హాట్‌స్టార్ కలిసి జియోహాట్‌స్టార్ అయ్యాక మళ్లీ పాత గూటికే చేరాయి. ‘గేమ్ ఆఫ్ థ్రోన్స్’ నాలుగో సీజన్‌లో ఆగిన ప్రేక్షకుడు రెండేళ్లలో మూడు యాప్‌ల పేర్లు చూశాడు. ఎక్కడ ఆగాడో గుర్తుంచుకునే బాధ్యత మాత్రం అతనిదే అయింది.

సీజన్ల మధ్య ఎడం ఇంకో కారణం. ‘ది ఫ్యామిలీ మ్యాన్’ మొదటి సీజన్ 2019 సెప్టెంబరులో, రెండోది 2021 జూన్‌లో వచ్చాయి. మూడోదానికి 2025 నవంబరు దాకా ఆగాల్సి వచ్చింది. నాలుగేళ్ల తర్వాత కథ ఎక్కడ ఆగిందో యాప్ చెప్పదు. ‘చూసేశారు’ అని మాత్రమే చూపిస్తుంది.

అందుకే జాబితా యాప్ బయట, సొంతంగా ఉండటం అవసరం. ఐటీ ఉద్యోగులకు ఎక్సెల్ షీట్ కొత్తేమీ కాదు. ఫోన్‌లో ఒక షీట్ తెరిచి అయిదు గడులు పెడితే చాలు: పేరు, యాప్, ఏ భాషలో, ఎంతవరకు, ఎవరు చెప్పారు. ఒక వరస ఇలా ఉంటుంది: ‘సేవ్ ది టైగర్స్, జియోహాట్‌స్టార్, తెలుగు, సీజన్ 2 ఎపిసోడ్ 4, టెస్టింగ్ టీమ్‌లో చెప్పారు’. చివరి గడి అనవసరం అనిపిస్తుంది కానీ, నాలుగు నెలలు వాడాక దానికే విలువ ఎక్కువ. ఎవరి సలహా తమకు నప్పుతుందో, ఎవరిది నప్పదో అందులోనే తేలుతుంది. భార్యాభర్తలు ఒకే షీట్ పంచుకుంటే ‘నువ్వు లేకుండా చూసేశావా’ అన్న గొడవ కూడా తగ్గుతుంది. ఎవరి ఎపిసోడ్ సంఖ్య వాళ్లు రాసుకోవడానికి ఇంకో గడి పెంచుకోవాలి, అంతే. షీట్ ఇష్టం లేనివాళ్లు వాట్సాప్‌లో తమకు తామే సందేశం పంపుకుంటారు. అది కొన్నాళ్లు నడుస్తుంది, పేర్లు యాభై దాటాక వెతకడం కష్టమవుతుంది.

యాప్‌లోంచి వెళ్లిపోబోయేవాటిని షీట్‌లో పైన పెట్టుకోవాలి. కొనుక్కున్న హక్కులకు గడువు ఉంటుంది. నెట్‌ఫ్లిక్స్ అయితే ఆ పేరు తెరిచినప్పుడు చూడటానికి ఆఖరి రోజు ఏదో చూపిస్తుంది. ఈ గడువు ఎక్కువగా పాత సినిమాలకు, బయటినుంచి కొన్న సిరీస్‌లకు ఉంటుంది, సంస్థ సొంతంగా తీసినవాటికి అరుదు.

భాష సంగతి కూడా షీట్‌లోకి ఎక్కాల్సిందే. ‘మనీ హైస్ట్’కు తెలుగు ఆడియో 2021లో, అయిదో సీజన్ సమయానికి వచ్చింది. అప్పటిదాకా సబ్‌టైటిల్స్‌తో చూడలేక వదిలేసిన పెద్దవాళ్లకు ఆ తర్వాతే అది కొత్త సిరీస్ అయింది. ఊళ్లో ఉన్న అమ్మానాన్నలకు ఏదైనా చెప్పేటప్పుడు తెలుగు ఆడియో ఉందో లేదో చూసి చెప్పాలి. పిల్లలున్న ఇంట్లో వయసు గుర్తు కూడా చూసుకోవాలి. 2021 ఫిబ్రవరి 25న కేంద్రం తెచ్చిన నిబంధనల ప్రకారం ప్రతి సిరీస్‌కు యు, యు/ఏ 7+, 13+, 16+, ఏ అన్న గుర్తుల్లో ఒకటి ఉండాలి. 13+ నుంచి పైవాటికి పెద్దలు తాళం వేసుకునే వీలు యాప్ ఇవ్వాలి. తాళం పెట్టే పని మాత్రం ఇంటివాళ్లదే.

కట్టే డబ్బు, మారే దేశాలు

అన్ని సర్వీసులూ ఏడాది పొడవునా కొనసాగించాల్సిన పనిలేదు. షీట్‌లో ఒక యాప్ కింద నాలుగైదు పేర్లు పోగయ్యాక ఒక నెలకు కట్టుకుని, చూసేసి, ఆపేసి, తర్వాతి నెల ఇంకోదానికి వెళ్లడం చవక. మొబైల్‌లో మాత్రమే చూసేవాళ్లకు నెట్‌ఫ్లిక్స్ 2021 డిసెంబరులో నెలకు 199 రూపాయల ప్లాన్‌ను 149కి తగ్గించింది. ఒంటరిగా, మెట్రోలో చూసుకునేవారికి అంతకంటే పెద్ద ప్లాన్ అనవసరం. బ్రాడ్‌బ్యాండ్, మొబైల్ రీఛార్జ్‌లతో ఏ ఓటీటీ కలిపి ఇస్తున్నారో ముందు చూసుకోవాలి. ఉన్నదానికే మళ్లీ డబ్బు కట్టేవాళ్లు చాలామందే ఉంటారు.

ఆటో రెన్యువల్ ఇక్కడ అసలు ఇబ్బంది. 2021 అక్టోబరు 1 నుంచి అమలైన రిజర్వ్ బ్యాంకు నిబంధన ప్రకారం, కార్డు నుంచి ఇలాంటి మొత్తం కోసుకోవడానికి కనీసం 24 గంటల ముందు బ్యాంకు కబురు పంపాలి. ఆ సందేశం ఆఫర్ల గుంపులో కలిసిపోతుంది. షీట్‌లో ప్రతి యాప్ పక్కన రెన్యువల్ తేదీ రాసుకుంటే ఈ నష్టం ఉండదు. యూపీఐ ఆటోపే పెట్టుకున్నవాళ్లు ఆ యూపీఐ యాప్‌లోనే దాన్ని ఆపేయవచ్చు.

ఆన్‌సైట్ పని మీద విదేశాలకు వెళ్లేవాళ్లకు ఇదంతా మళ్లీ తారుమారవుతుంది. హక్కులు దేశాన్ని బట్టి కూడా అమ్ముడవుతాయి. మాదాపూర్‌లో ‘మై లిస్ట్’లో పెట్టుకున్న పేర్లలో కొన్ని డాలస్‌లో దిగాక కనిపించవు. హాట్‌స్టార్ అమెరికాలో 2022 నవంబరు చివర్లో మూతపడి, అందులోని కార్యక్రమాలు హులూ వైపు వెళ్లాయి. విమానం ఎక్కే ముందు జాబితాలోని ప్రతి పేరుకూ అక్కడ ఏ యాప్ అన్నది జస్ట్‌వాచ్‌లో దేశం మార్చి చూసుకుంటే సరిపోతుంది.

ఇప్పటిదాకా ఏ జాబితా పెట్టుకోనివాళ్లు కూడా మొదటినుంచీ రాసుకోనక్కర్లేదు. నెట్‌ఫ్లిక్స్‌ను బ్రౌజర్‌లో తెరిచి, అకౌంట్‌లో ప్రొఫైల్ కింద ‘వ్యూయింగ్ యాక్టివిటీ’కి వెళ్తే, ఆ ప్రొఫైల్‌లో చూసిన ప్రతి ఎపిసోడ్ తేదీతో సహా ఉంటుంది. చివర ‘డౌన్‌లోడ్ ఆల్’ నొక్కితే షీట్‌లో తెరుచుకునే ఫైలు వస్తుంది. సబ్‌స్క్రిప్షన్ రద్దు చేశాక నెట్‌ఫ్లిక్స్ ఆ వివరాలను 10 నెలలు మాత్రమే ఉంచుతుంది. రద్దు నొక్కే ముందు ఆ ఫైలు దించుకోండి.